గోడ అవతల ఎవరూ ఉండరు

పాసింజరు బండి జ్ఞాన్‌పుర్ రోడ్ స్టేషన్లో ఇంకా పూర్తిగా ఆగనేలేదు, కిటికీలోంచి ఒక గుడ్డమూట వచ్చి సుమిరన్ లాల్ ఒళ్ళో పడింది. సీటు కోసం జనం మూటలూ తువ్వాళ్ళూ విసరడం కొత్తేమీ కాదు గానీ, ఆ మూట చూడగానే అతని ప్రాణం ఉసూరుమంది. పాత చీరచెంగు, దానికి ఎర్ర ఉన్నితో ముడి. తివాచీ మగ్గాలకి ఉన్ని ఉండలు చుట్టి బతికే మనిషి తప్ప ఇంకెవరూ మూటకి అలా ముడి వెయ్యరు. ఇసరావతిదే.

ఆమె కంట పడకూడదనే అతను కోడికూతకి ముందే లేచి, ఊరి స్టేషను వదిలేసి, పొలాల గట్ల మీద రెండు గంటలు నడిచి వెనక స్టేషన్లో బండెక్కాడు. ఎవరినుంచి తప్పించుకుందామనుకుంటాడో వాళ్ళే ఎదురుపడటం అతని నొసట రాసిపెట్టి ఉన్నట్టుంది.

"అరె లాలా! నువ్వా! చూశావా, నా మూటకి కూడా మరిది ఎక్కడ కూర్చున్నాడో తెలుసు," అంటూ ఇసరావతి జనాన్ని మోచేతులతో తోసుకుంటూ వచ్చి పక్కన కూలబడింది. అరవై దాటిన మనిషి. చేతివేళ్ళు ఉన్ని చుట్టి చుట్టి వంకర తిరిగాయి. "మన స్టేషన్లో కనబడలేదే? ఎక్కడెక్కావ్?"

"నిన్న మాధోసింగ్‌లో పని పడింది వదినా. అక్కడే ఉండిపోయా."

"ఆ పనేదో చిన్నదై ఉంటుందిలే. ఆ ఊళ్ళో కల్లు కూడా బాగుండదు."

ఎదురుబెంచీ మీద ఇద్దరు నవ్వారు. సుమిరన్ లాల్ కూడా తన గుబురు మీసం కింద నవ్వాడు. బట్టతల, పీలమొహం, ఆ మొహానికి అమరని పెద్ద మీసం. ఊళ్ళో పిల్లలు అతన్ని దూరంనుంచి ఆ మీసంతోనే పోల్చుకుంటారు.

పిపరౌలి ఊరి సర్పంచి, ప్రధాన్ రాజ్‌బలి సింగ్ కేసుల వెంట తిరిగే పైరోకార్ అతను. కేసు ప్రధాన్‌ది, తిరుగుడు ఇతనిది. సంచి మొయ్యడం, వకీలు ఇంటి ముందు కాపలా కాయడం, కాగితాల మీద ప్రమాణం చెయ్యడం, తీర్పు చెడితే తిట్లు తినడం అన్నీ ఇతనివే. ప్రధాన్ గారి ధాన్యపు కొట్టు పక్కన ఒక గదీ, పూటకింత అన్నమూ ఉన్నాయి. పెళ్ళీ పెటాకులూ లేవు. ఇసరావతి తన ఇంటి దారికి అడ్డంగా గోడ కట్టిన ఆ ప్రధాన్ మీదే కేసు గెలుస్తున్న మనిషి. ఊరి వరసకి వదినా మరుదులే గానీ, ఊళ్ళో ఈ ఇద్దరూ పలకరించుకోరు. రైలెక్కాక మాత్రం ఐదేళ్ళుగా ఒకే మూటలో చెయ్యి పెట్టి తింటున్నారు. వాయిదాకి వెళ్ళే వాదీ ప్రతివాదీ ఒకే పొగాకు నలుపుకుని పంచుకోవడం ఆ లైనులో ఎవరికీ వింత కాదు. ఊళ్ళోకి వచ్చాక మళ్ళీ మామూలే.

ఆమె మూట విప్పి సత్తుపిండి ముద్ద ఒకటి, పచ్చిమిరపకాయ ఒకటి అతని అరచేతిలో పెట్టింది.

"తిను. ఇవాళ నేను సంతోషంగా ఉన్నా. హైకోర్టునుంచి నకలు తెచ్చుకోడానికి పోతున్నా. రెండో పిటిషన్ కూడా కొట్టేశారుగా, ఆ తీర్పు ముద్ర వేసిన కాగితం పట్రమ్మన్నాడు తహసీల్దారు. సోమవారం మిషన్ పంపించి గోడ పడగొట్టిస్తాట్ట. సోమవారం, లాలా! నా ఇంటి ముందు నిలబడితే రోడ్డు కనబడుతుంది."

"మంచిదే," అన్నాడు.

"మంచిదేనంటాడు చూడు! మీ ప్రధాన్ వింటే నీకు పూటకూడు పోతుంది." ఆమె మిరపకాయ కొరికి, కాసేపు కిటికీలోంచి చూసింది. "ఇంకో రెండేళ్ళు ముందే పడిపోయి ఉంటే మా ఆయన మర్యాదగా వెళ్ళేవాడు. పాడెని గోడ మీంచి ఎత్తి అందించుకోవాల్సి వచ్చింది. బతికుండగా ఎవరి గోడా దూకని మనిషి. అటువైపు నువ్వేగా అందుకుంది."

"నేనూ, ఇంకో ముగ్గురూ."

"నీ భుజం కూడా ఉంది. నేను మర్చిపోను." ఆమె అతని మోకాలి మీద తట్టింది. "నీకేం పాపంలే, నువ్వు సంచి మోసేవాడివి. రాసేవాళ్ళు వేరే, రాయించేవాడు వేరే. అవునూ, కేసైపోయాక నువ్వెందుకు వెళ్తున్నావ్?"

"కళ్ళు చూపించుకుందామని," అన్నాడు సుమిరన్ లాల్.

ఒళ్ళోని సంచిని ఇంకొంచెం దగ్గరికి లాక్కున్నాడు. అందులో ప్రధాన్ రాసిచ్చిన చీటీ ఉంది: సోమవారం లోపు కొత్త స్టే రావాలి.

*

ఓఝా వకీలు గారి గుమాస్తా తివారీ కాగితాలన్నీ సిద్ధం చేసి ఉంచాడు. మొదటి పిటిషన్ ప్రధాన్ పేరు మీద వేశారు, కొట్టేశారు. రెండోది ప్రధాన్ భార్య మనోరమ పేరు మీద ఒక జూనియర్ చేత వేయించారు, అదీ పోయింది. అయితేనేం, ఒక్కో పిటిషన్ కొట్టేసేలోపు ఏడాదో ఏడాదిన్నరో స్టే నడిచింది. కోర్టుకెక్కాక ఓడినవాడు అక్కడే ఏడుస్తాడు, గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడుస్తాడు అంటారు గానీ, రాజ్‌బలి సింగ్ ఓడి కూడా ఏడవని జాతి. ఇప్పుడు మూడోది. మేనల్లుడు ఉదయ్‌భాన్ పేరు మీద. గోడ తనదని, తనకి ఒక్క నోటీసూ రాలేదని, ఇన్నాళ్ళూ ఈ గొడవే తెలియదని.

"సంతకాలు పెట్టు లాలాజీ. ప్రతి పేజీ కిందా. ఏదీ చదవక్కర్లేదు."

సుమిరన్ లాల్ చదివాడు. అతనికి కాగితం చదవకుండా ఉండటం చేతకాదు. రెండో పేరాలో ఇదే మొదటి పిటిషన్ అనీ, ఇంతకుముందు ఈ విషయం మీద ఏ కోర్టులోనూ ఏదీ వెయ్యలేదనీ ఉంది. తొమ్మిదో పేరాలో గోడ అవతల పాడుబడ్డ పాక తప్ప ఏమీ లేదనీ, అక్కడ ఎవరూ ఉండరనీ ఉంది. ఈ తొమ్మిదో పేరా కొత్తది కాదు. ముందు రెండు పిటిషన్లలోనూ ఉంది. రెండుసార్లూ దాని కింద తనే సంతకం పెట్టాడు. రెండోసారి పెట్టేనాటికి పాడె మోసిన భుజం ఇంకా నొప్పిగానే ఉంది.

సంతకాలయ్యాక తివారీ అతని మొహంలోకి తేరిపార చూశాడు.

"ఒక చిక్కుంది. మొదటి అఫిడవిట్ మీద నీ ఫొటో ఉంది. రెండోదాని మీదా ఉంది. పేర్లు ఎవడూ చదవడు గానీ, మొహం కంట పడుతుంది. మూడోదాని మీద కూడా ఇదే మీసం ఉంటే ఎవడైనా పక్కపక్కన పెట్టి చూశాడో, అయిపోతాం."

"ఇంకెవరినైనా పంపించాల్సింది."

"మేం అదే అన్నాం. మీ ప్రధాన్ వింటేగా! 'వేరేవాడైతే రేపొకరోజు ఎదురు తిరుగుతాడు. సుమిరన్‌కి ఆ భయం లేదు, వాడికి వెళ్ళడానికి ఇంకో గడప లేదు' అన్నాడు. నీమీద అంత నమ్మకం ఆయనకి." తివారీ గోడ గడియారం చూశాడు. "ఫొటో కౌంటరు నాలుక్కి మూస్తారు. పో, మీసం తీయించుకుని రా."

సుమిరన్ లాల్ నవ్వాడు, హాస్యమనుకుని. తివారీ నవ్వలేదు.

హైకోర్టు ప్రహరీ పక్కన వేపచెట్టు కింద ఒక మంగలి అద్దం కొమ్మకి తగిలించి కూర్చున్నాడు. కస్టమరు ఏం కావాలో చెప్పగానే చేతిలో కత్తి ఆపేశాడు.

"మీసమా? ఎవరు పోయారు బాబూ?"

"ఎవరూ పోలేదు."

"ఎవరూ పోకుండా మీసం ఎందుకు తీయించుకుంటారండీ! ఇంట్లో చావు లేకుండా నేను మీసం తీస్తే నా చేతికి దోషం." కాసేపు తటపటాయించి, ఏదో గొణుక్కుంటూ నీళ్ళు చిలకరించి మొదలుపెట్టాడు. ముప్పై ఏళ్ళ మీసం నాలుగు గీతల్లో ఒళ్ళో గుడ్డమీద రాలింది. అద్దంలో ఎవరో పై పెదవి తెల్లగా, సన్నగా, పక్షిలాంటి మొహంతో కనబడ్డాడు. అతనికి తన తండ్రి మొహం గుర్తుకొచ్చి, అద్దంనుంచి తల తిప్పేసుకున్నాడు.

కౌంటరులో కెమెరా ముందు కూర్చోబెట్టి ఫొటో తీశారు. ప్రమాణం చేయించే యువ వకీలు అప్పటికే వంద కాగితాలకి ముద్ర వేసి అలిసిపోయి ఉన్నాడు. తలెత్తకుండానే అడిగాడు.

"రాసిందంతా నిజమేనా?"

"నిజమే."

ముద్ర పడింది. పిటిషన్ గురువారం బెంచి ముందుకొస్తుందనీ, స్టే కాగితం చేతికిచ్చాక తీసుకుని నేరుగా తహసీల్దారు దగ్గరికి పరిగెత్తాలనీ, అందాకా ఎవరి కంటా పడకుండా ఉండమనీ తివారీ చెప్పాడు. ఒక కాపీ సంచిలో పెట్టి పంపాడు.

*

రామ్‌బాగ్ స్టేషన్ ఎదుట ధర్మశాలలో సుమిరన్ లాల్ ఎప్పుడూ దిగేది పై అంతస్తు వరండాలో. ఈసారి కింద, నీళ్ళ కుండీ వెనక, ఎవరూ పడుకోని మూల చూసుకున్నాడు. బుధవారం పగలంతా గోడకి వీపు ఆనించి కూర్చున్నాడు. చెయ్యి ఊరికే పై పెదవి మీదికి వెళ్ళడం, అక్కడ ఏమీ లేక కిందికి దిగడం. అతనికి అలవాటైన ఒంటరితనమే, కానీ ఇన్నాళ్ళూ అందులో తనైనా ఉండేవాడు. ఇప్పుడు తన మొహం కూడా తనది కాదు.

మధ్యాహ్నం మూడింటికి ఎవరో కుండీలో చెంబు ముంచారు. చెంబు మధ్యలోనే ఆగిపోయింది.

"లాలా?"

ఇసరావతి. నకలు ఇంకా రాలేదట, రేపిస్తామన్నారట. ఆ మాట సగంలోనే మింగేసి ఆమె చెంబు కింద పెట్టింది. తడిచేతులతోనే నోరు మూసుకుంది.

"అయ్యో, అయ్యో లాలా! ఎవరు? ఎవరు పోయారు?"

అతను అరచేత్తో పై పెదవి కప్పుకున్నాడు.

"నీకెవరున్నారని?" అనేసి, అన్నందుకు నాలిక కరుచుకుంది. "కలకత్తా వెళ్ళిపోయాడే మీ అన్న, జనపనార మిల్లులో... ఆయనేనా? కబురొచ్చిందా?"

ఊఁ అంటే సరిపోతుంది. సుమిరన్ లాల్ తలూపాడు.

ఇంక ఆమె ఏమీ అడగలేదు. అతని పక్కన నేలమీద చతికిలబడి, పేరు పెట్టి ఏడవడం మొదలుపెట్టింది. వాళ్ళ వైపు ఆడవాళ్ళు చావుకి ఎలా ఏడుస్తారో అలా, రాగం తీసి, ఆ అన్న చిన్నప్పుడు మామిడి తోటలో ఎలా పడ్డాడో, పెళ్ళిలో డప్పు ఎలా కొట్టాడో, ఊరొదిలేనాడు ఆమె కట్టిచ్చిన రొట్టెలు ఎలా మర్చిపోయి వెళ్ళాడో అన్నీ చెప్పుకుంటూ ఏడ్చింది. ఆ రొట్టెల సంగతి సుమిరన్‌కి తెలియదు. అతని అన్న గురించి ఈ లోకంలో ఇంకొకరికి ఇంత గుర్తుందని కూడా తెలియదు. ముప్పై రెండేళ్ళయింది, ఒక్క ఉత్తరం లేదు. అతనికి తెలియకుండానే కళ్ళవెంట నీళ్ళు కారడం మొదలైంది. ఎవరికోసమో చెప్పమంటే చెప్పలేడు.

"ఏడువు, ఏడువు. మగాడివని బిగబట్టుకోకు," అంది ఆమె. "ఒంటరిగా ఈ మూలన కూర్చున్నావా తల్లీ తండ్రీ లేనివాడిలా! నన్ను పిలవకూడదూ? ఊళ్ళో వైరం ఊళ్ళోది."

లేచివెళ్ళి మూడిటుకలు పెట్టి పొయ్యి రాజేసింది. చావింటి తిండి ఎలా వండాలో అలాగే వండింది. పప్పులో పసుపు లేదు, పోపు లేదు. ఒట్టి అన్నం, ఉడికిన పప్పు, కాసిని ఉప్పురాళ్ళు. మోదుగ విస్తరిలో వడ్డించి ముందు ఒక ముద్ద తీసి పక్కన పెట్టింది, పోయినవాడి పేర. "ఇదిగో నీ తమ్ముడు పెట్టాడనుకుని తిను నాయనా," అని గాలిలోకి చెప్పింది.

సుమిరన్ లాల్ విస్తరి ముందు కూర్చున్నాడు. అన్నం కలిపాడు. ముద్ద నోటిదాకా వెళ్ళలేదు.

"వదినా, రేపు పొద్దున్న బండికి వెళ్ళిపోకు."

"నకలు రాందే ఎలా వెళ్తాను?"

"నకలు వచ్చినా వెళ్ళకు. రేపు కోర్టులో గోడ మీద కొత్త పిటిషన్ వస్తోంది. మూడోది."

ఆమె పొయ్యిలో కట్టె సర్దుతున్నదల్లా వెనక్కి తిరిగింది. "ఎవరు వేశారు?"

అతను అన్నం చెయ్యి కడుక్కుని సంచిలోంచి కాగితాలు తీశాడు. ఆమెకి అక్షరం ముక్క రాదు. ఇన్నేళ్ళూ ఆమెకొచ్చిన ప్రతి నోటీసూ, ప్రతి ఉత్తర్వూ రైల్లో చదివి వినిపించింది అతనే. ఇవాళా అలాగే చదివాడు. మొదటి పేజీనుంచి మొదలుపెట్టాడు. ఉదయ్‌భాన్ పేరు చదివాడు. ఇదే మొదటి పిటిషన్ అన్న పేరా చదివాడు. తొమ్మిదో పేరా దగ్గరకొచ్చి కూడా ఆగలేదు. "సదరు గోడకు అవతల పాడుబడిన పాక తప్ప నివాసమేదీ లేదు. అక్కడ ఎవరూ ఉండరు."

"ఎవరూ ఉండరా? కోడలుంది. ఇద్దరు మనవరాళ్ళున్నారు. నేనున్నాను. మేం ఏమయ్యాం?"

అతను చివరి పేజీ తిప్పాడు. "పై విషయాలన్నీ నాకు స్వయంగా తెలిసినవనీ, సత్యమనీ, ఏదీ దాచలేదనీ, సుమిరన్ లాల్, తండ్రి శివబరన్ లాల్, గ్రామం పిపరౌలి, అనే నేను దేవుని ఎదుట ప్రమాణం చేస్తున్నాను."

కాగితం చివర ఫొటో ఉంది. ఆమె కాగితం లాక్కుని ఫొటో చూసింది. అతని మొహం చూసింది. మళ్ళీ ఫొటో చూసింది.

"ముందు రెండిట్లోనూ ఇలాగే రాశావా?"

"రాసింది నేను కాదు. ప్రమాణం చేసింది నేను."

"మా ఆయన పాడె గోడ మీంచి అందుకున్నాక కూడా?"

"అందుకున్నాక కూడా."

ఎవరో కుండీ దగ్గర చెంబు కడుక్కుని వెళ్ళారు.  ఇసరావతి పొయ్యిలో కట్టెలు ఒక్కొక్కటీ బయటికి లాగి నీళ్ళు చల్లింది.

"మరి మీసం?" అంది చివరికి. "కలకత్తా అన్న?"

"ఫొటోలో పోల్చకుండా ఉండాలని తీయించారు వదినా. అన్న సంగతి నాకు తెలీదు. ఉన్నాడో లేడో తెలీదు."

"బతికే ఉన్నాడేమోనా?" ఆమె గొంతు పైకి లేవలేదు. "సరే, ప్రధాన్ ఉప్పు తిన్నావు, కాగితం మీద మమ్మల్ని లేకుండా చేశావు. అది కూటికోసం. బతికున్నాడేమో తెలియని మనిషిని, నీ తోడబుట్టినవాణ్ణి, తలూపి చంపేశావే! వాడికోసం నేను పేరుపెట్టి ఏడ్చానే! పిండం కూడా పెట్టానే!"

"తప్పయిపోయింది వదినా."

"వదినా గిదినా అనకు."

పక్కన తీసి పెట్టిన ముద్దని ఆమె ఎత్తి కుక్కకి వేసింది. కాగితాలు మడిచి మూటలో పెట్టుకుని, ఎర్ర ఉన్ని ముడి బిగించి, వాళ్ళ వకీలమ్మ ఇల్లు ఎటు అని బయటి రిక్షావాణ్ణి అడుగుతూ వెళ్ళిపోయింది. అతను చల్లారిపోయిన పప్పన్నం ముందు చీకటి పడేదాకా కూర్చున్నాడు. అది తినే హక్కు తనకి లేదనీ, పారేసే హక్కు అంతకన్నా లేదనీ అనిపించింది. ఆఖరికి తిన్నాడు. ఉప్పు సరిపోలేదు.

*

గురువారం పదకొండున్నరకి వాళ్ళ కేసు పిలిచారు. ఓఝా గారు నల్లకోటు సర్దుకుంటూ లేచి, పాపం ఈ పిల్లవాడు ఉదయ్‌భాన్‌కి ఒక్క నోటీసైనా ఇవ్వకుండా సోమవారం గోడ పడగొట్టబోతున్నారని మొదలుపెట్టారు. ఆయన గొంతులో జాలి ఎంత బాగా పలికిందంటే, వెనక బెంచీలో కూర్చున్న సుమిరన్‌కి కూడా ఒక్క క్షణం ఉదయ్‌భాన్ మీద జాలేసింది.

అప్పుడు ఇంకో వైపునుంచి ఇసరావతి వకీలమ్మ నసీమా రిజ్వీ లేచింది. సన్నటి మనిషి, రాత్రంతా నిద్రలేని కళ్ళు. "హుజూర్, ఇది మొదటి పిటిషన్ కాదు. మూడోది. ముందు రెంటినీ ఈ కోర్టే కొట్టేసింది. తీర్పులివి. మూడింటికీ ప్రమాణం చేసింది ఒకే మనిషి. ఫొటోలు చూడండి."

మూడు అఫిడవిట్లూ బల్లమీదికి వెళ్ళాయి. ముసలి జడ్జీగారు కళ్ళద్దాలు తుడుచుకుని ఒకదాని పక్కన ఒకటి పెట్టుకున్నారు.

"ఓఝా గారూ, ఏమంటారు?"

"హుజూర్, మాకు తెలిసింది పైరోకార్ చెప్పినంతే. అతను మానుంచి దాచాడు. ప్రమాణం చేసిన మనిషిని నమ్మడం తప్ప మేం చేసేదేముంది?"

తివారీ వెనక బెంచీలోకి వంగి సుమిరన్ చెవిలో బుసకొట్టాడు. "లేచి బయటికి పో. వెనక తలుపు. నీ పేరు పిలిస్తే ఊళ్ళో లేడని చెప్తాం. పో!"

సుమిరన్ లాల్ లేచాడు. వెనక తలుపు నాలుగడుగుల దూరంలో ఉంది. అక్కడినుంచి ఎటు వెళ్ళాలో మాత్రం అతనికి తోచలేదు. అవతలి గోడవారగా ఇసరావతి నిలబడి ఉంది, తనకేసి చూడకుండా, జడ్జీగారికేసే చూస్తోంది. అతను ముందుకు నడిచాడు.

"ఫొటోలో ఉన్నది నేనే, హుజూర్."

జడ్జీగారు ఫొటోనీ మనిషినీ చూశారు. "మీసం ఏమైంది?"

ఎవరో కిసుక్కుమన్నారు. "పోల్చకుండా ఉండాలని తీయించుకున్నాను."

"ముందు రెండు పిటిషన్లున్నాయని తెలుసా?"

"తెలుసు. వాటికీ నేనే ప్రమాణం చేశాను."

"గోడ అవతల ఎవరూ ఉండరని రాశారే?"

"ఉంటారు హుజూర్. నలుగురు ఆడవాళ్ళు. ఒకరు అదుగో, అక్కడున్నారు."

ఇసరావతి చీరచెంగు తలమీదికి లాక్కుంది. జడ్జీగారు కలం తీసుకుని, మెల్లగా చెప్తూ రాయించారు. పిటిషన్ కొట్టివేత. నిజాలు దాచి కోర్టు కాలాన్ని వాడుకున్నందుకు జరిమానా. ఈ గోడ మీద ఆ కుటుంబంలో ఎవరు ఏది వేసినా మూడు తీర్పులూ జతచేస్తే తప్ప తీసుకోరాదు. అబద్ధపు ప్రమాణానికి మీమీద చర్య ఎందుకు తీసుకోరాదో చెప్పమని ఉదయ్‌భాన్‌కీ సుమిరన్ లాల్‌కీ నోటీసులు. అంతా అయిదు నిమిషాల పని. ఐదేళ్ళ గోడ.

వరండాలో తివారీ ఫోను అతని చెవికి ఆనించాడు. ప్రధాన్ అరవలేదు. ఆయన కోపంగా ఉన్నప్పుడు అరవడు. "సుమిరనా, నీ పెట్టె కొట్టు బయట పెట్టించాను. వాన వస్తే తడుస్తుంది, తొందరగా వచ్చి తీసుకుపో," అని పెట్టేశాడు.

హాలు పక్క గదిలో కోర్టు గుమాస్తా ఒకడు నోటీసు రిజిస్టరు ముందేసుకుని కూర్చున్నాడు. బల్ల అవతల ఇసరావతి తన నకలు కోసం నిలబడి ఉంది. సుమిరన్ లాల్ లోపలికొచ్చినా పక్కకి జరగలేదు, పలకరించలేదు.

"నోటీసు ఎక్కడికి పంపాలి?" అన్నాడు గుమాస్తా.

"పిపరౌలి, జ్ఞాన్‌పుర్ తహసీలు."

"ఊరు కాదయ్యా. ఇల్లు. ఎవరింట్లో ఉంటావు?"

ముప్పై ఏళ్ళుగా సుమిరన్ లాల్ కాగితాల మీద ప్రధాన్ ఇల్లనే రాసేవాడు. కలం పట్టుకుని గుమాస్తా ఎదురుచూశాడు. "త్వరగా చెప్పు. ఇల్లు లేనివాడివా? లేకపోతే అదే రాస్తాను. నోటీసు అందకపోతే వారంటు పోతుంది, నీ ఇష్టం."

"రాసుకో బాబూ," అంది ఇసరావతి.

గుమాస్తా తలెత్తాడు. "నువ్వెవరమ్మా? చుట్టమా?"

"కాదు. ఎదుటి పార్టీని."

"ఎదుటి పార్టీ ఇంటి చిరునామా ఇస్తావా?"

"ఇస్తాను. ఇసరావతి, మొగుడి పేరు రామ్‌ధనీ మౌర్య, పిపరౌలి. గోడ అవతల ఇల్లు. 'గోడ అవతల' అని తప్పకుండా రాయి. కోర్టు మనిషి కాగితం పట్టుకుని అక్కడికి రావాలి. నడిచి రావాలి. ఇంట్లో మేమున్నామని కళ్ళారా చూసి, వెనక్కొచ్చి రాసుకోవాలి." తర్వాత సుమిరన్ లాల్‌వైపు తిరిగింది. మొహంలో మెత్తదనమేమీ లేదు. "నిన్ను వచ్చి ఉండమనలేదు. నీ కాగితం వస్తే కోడలు తీసి ఉంచుతుంది. వచ్చి గుమ్మం బయట నిలబడి తీసుకుపో."

అప్పుడే ఆమె నకలు వచ్చింది. ముద్ర ఉందో లేదో వేలితో తడిమి చూసుకుని, మూటలో పెట్టుకుని, రెండు గంటల బండికి టైమైపోతోందని గబగబా వెళ్ళిపోయింది. నువ్వూ వస్తున్నావా అని అతన్ని అడగలేదు.

గుమాస్తా చిరునామా రాయడం పూర్తిచేసి రిజిస్టరు ఇటు తిప్పాడు. సుమిరన్ లాల్ మొదటినుంచి చివరిదాకా చదివి, కింద సంతకం పెట్టాడు.